సీన్ నదికి దక్కని బొమ్మల పట్టీ

చలనచిత్ర చరిత్ర వ్రాయువారు సాధారణముగ 1895 డిసెంబరు 28వ తేదీతో కథను ఆరంభింతురు. ఆనాడు పారిస్ నగరములో, కపుసీన్ బులెవారులోని గ్రాండ్ కఫే నేలమాళిగలో, లూమియేర్ సోదరుల సినిమాటోగ్రాఫ్ యంత్రము టిక్కెట్టు కొనివచ్చిన ప్రేక్షకులకు తొలిసారి చిత్రములను చూపెను. ఆ తేదీని నేను కాదనను. కాని అక్కడికి నడచిపోదగిన దూరములోనే, మోమార్త్ర్ బులెవారులోని గ్రెవిన్ మైనపు బొమ్మల ప్రదర్శనశాలలో, అంతకు మూడు సంవత్సరములకు పూర్వమే, అనగా 1892 అక్టోబరు 28వ తేదీ మొదలుకొని, తెరమీద రంగురంగుల బొమ్మలు నడచుచు, గోడలు దూకుచు, దెబ్బలు తినుచు జనమును నవ్వించుచుండెను.

ఆ బొమ్మలకు కెమెరాతో సంబంధము లేదు. ప్రతి బొమ్మను ఒక మనిషి కూర్చుండి చేతితో వ్రాసి రంగులు వేసెను. ఆయన పేరు ఎమీల్ రెనో. తన యంత్రమునకు ఆయన పెట్టుకొన్న పేరు 'తెయాత్ర్ ఒప్తీక్'. దృశ్యయంత్ర నాటకశాల యని మనము చెప్పుకొనవచ్చును. అందులో ఆడిన ఆటలను ఆయన 'కాంతిమయ మూకనాటకములు' అని పిలిచెను. ఆ నాటకశాల కొరకు ఆయన చిత్రించిన పట్టీలలో నేడు రెండు మాత్రమే మిగిలియున్నవి. వానిలో పాతది 'పోవ్ర్ పియెరో', అనగా 'పాపము పియెరో'. 1891 నాటి ఈ పట్టీలో 500 బొమ్మలు కలవు. పొడవు 36 మీటర్లు. నేటి ప్రసంగము దానిని గూర్చియే. రేడియోలో బొమ్మను చూపు ఉపాయము లేదు గనుక, మాటలతోనే దానిని మీ కన్నుల ముందు నిలుప యత్నింతును.

రెనో 1844 డిసెంబరు 8వ తేదీన పారిస్ సమీపముననున్న మోంత్రైలో జన్మించెను. తండ్రి పతకములు చెక్కు శిల్పి. గడియారముల పనియు తెలిసినవాడు. తల్లి బొమ్మలు వేయుట నేర్చిన విదుషి. గులాబీపూల చిత్రములకు పేరుపొందిన రదూతే శిష్యురాలు. కుమారునికి చదువును, చిత్రలేఖనమును ఆమెయే ఇంటివద్ద నేర్పెను. ఇట్లు తండ్రినుండి సన్నని యంత్రపు పనియు, తల్లినుండి కుంచెయు ఆయనకు సంక్రమించినవి. బాల్యము గడచిన పిమ్మట ఒక యంత్రకారుని కొట్టులోను, ఒక ఛాయాచిత్రకారుని వద్దను పని నేర్చెను. తరువాత మ్వాన్యో అను మతాచార్యుని దరిజేరెను. ఈ పాదిరి మాజిక్ లాంతరుతో తెరమీద పటములు చూపుచు సామాన్యజనులకు విజ్ఞానశాస్త్రమును బోధించువాడు. రెనో ఆయనకు సహాయకుడై, ఆ విద్యను పట్టుకొని, లే పుయి పట్టణములో తానును అట్టి ఉపన్యాసములు ఇచ్చెను. దీపము, కటకము, తెర, ఎదుట కూర్చున్న జనము: ఈ నాలుగింటి మధ్య నిలిచి మాటాడుట ఆయనకు యౌవనములోనే అలవడినది. ఈ సంగతి తరువాతి కథకు ముఖ్యము.

ఆ కాలమున యూరపులో జోట్రోపు అను ఆటవస్తువు ఉండెను. గుండ్రని డబ్బా లోపలి అంచున వరుసగ బొమ్మలు అమర్చి, డబ్బా గోడలో సన్నని చీలికలు కోసి, దానిని త్రిప్పుచు చీలికలగుండ చూచినచో బొమ్మ కదలుచున్నట్లు తోచును. అందులో లోపమేమనగా, సన్నని చీలికలో వెలుతురు చాలదు; బొమ్మ మసకగ కనబడును. చీలికను వెడల్పు చేసితిమా, బొమ్మ అలుకుకొనిపోవును. రెనో చీలికలనే తీసివేసెను. డబ్బా నడుమ 12 చిన్న అద్దములను వలయముగ నిలిపెను. పట్టీలోను 12 బొమ్మలే. ఒక్కొక్క బొమ్మకు ఎదురుగ ఒక్కొక్క అద్దము. డబ్బాతో కూడ అద్దములును తిరుగును గనుక, ప్రతిబింబము ఒకచోట నిలిచినట్లుండి, ఒక బొమ్మ మరుబొమ్మలోనికి మెత్తగ కరగిపోవును. వెలుతురుకు కొరత లేదు. దీనికి ప్రాక్సినోస్కోపు అని పేరుపెట్టి 1877 ఆగస్టు 30వ తేదీన పేటెంటు తీసికొనెను. మరుసటి సంవత్సరము పారిస్ అంతర్జాతీయ ప్రదర్శనములో దానికి ప్రశంస లభించినది. పిల్లల ఆటవస్తువుగ బాగుగ అమ్ముడుపోయినది.

మరియొకడైనచో అక్కడ తృప్తిపడి యుండును. కాని 12 బొమ్మలతో కథ చెప్పుట ఎట్లు? తాడాట ఆడు బాలిక తాడాటయే ఆడును. దూకు విదూషకుడు దూకుచునే యుండును. మొదలును లేదు, తుదియును లేదు. రెనోకు కథ కావలసియుండెను. పది సంవత్సరములు ఆయన ఈ సమస్యతో పెనగులాడెను. పరిష్కారము పట్టీని డబ్బానుండి విడిపించుటలో దొరికినది. జిలాటిన్‌తో చేసిన పారదర్శకమైన చిన్న పలకలమీద బొమ్మలు వ్రాసి, వానిని ఒకదాని ప్రక్క ఒకటిగ పొడవైన పట్టీలో కూర్చి, ఒక రీలునుండి మరియొక రీలునకు చుట్టుకొనునట్లు అమర్చెను. బొమ్మకు బొమ్మకు మధ్య ఒక రంధ్రము. అద్దముల చక్రము అంచుననున్న మేకులు ఆ రంధ్రములలో దిగి, పట్టీని జారనీయక, అద్దమునకు సరిగ ఎదురుగ బొమ్మను నిలుపును. 1888 డిసెంబరులో ఈ యంత్రమునకు పేటెంటు కొరకు దరఖాస్తు పెట్టెను. పిమ్మట వచ్చిన సినిమా ఫిల్ము అంచులలోని రంధ్రములను ఎరిగినవారు ఈ ముక్కను తప్పక గుర్తింతురు.

ఇక నాటకశాల ఏర్పాటు. ప్రేక్షకులు కూర్చున్న గదిలో తెర మాత్రమే కనబడును. యంత్రము తెర వెనుక ఉండును; వెలుతురు వెనుకనుండియే పడును. ఒక లాంతరు కదలని దృశ్యమును, అనగా ఇల్లు, తోట, గోడ మొదలగువానిని, తెరమీద వేయును. రెండవదాని కాంతి పట్టీలోని బొమ్మగుండ పోయి, అద్దములమీద తగిలి, కటకములో నుండి తెరను చేరును. పట్టీలో పాత్ర చుట్టునున్న భాగమంతయు నల్లగ మూసివేయబడి యుండును. కావున పాత్ర మాత్రమే వెలిగి, తోటలో నిజముగ నడచినట్లు కనబడును. ఒకసారి వ్రాసిన తోటను 500 సార్లు మరల వ్రాయు పని తప్పినది. తరువాతి కాలపు కార్టూను చిత్రశాలలు సెల్యులాయిడ్ రేకులమీద పాత్రలను, క్రింది కాగితముమీద దృశ్యమును వేరువేరుగ వ్రాసి సాధించిన లాభమే ఇది.

మన దేశపు శ్రోతలకు ఈ ఏర్పాటు కొత్తగ తోచదు. తెలుగునాట తోలుబొమ్మలాటలో పలుచని తోలుమీద వేసిన రంగులగుండ దీపకాంతి పోయి తెల్లని పంచె తెరపై పడును. ఆడించువాడు వెనుక, చూచువారు ముందు. పాత్రల సంగతియు అట్టిదే. రామాయణకథ నడచుచుండగ కేతిగాడు, జుట్టుపోలిగాడు, బంగారక్క వచ్చినారన్న, వారెవరో ఎవరును చెప్పనక్కరలేదు. తెరమీద తల కనబడగనే నవ్వు పుట్టును. పాశ్చాత్య దేశములలో పియెరో, ఆర్లెకిన్, కొలంబీన్ అట్టివారే. ఇటలీ వీధినాటకములలో పుట్టి ఫ్రాన్సులో స్థిరపడిన పాత్రలు. పియెరో ముఖమునకు తెల్లని పిండి, ఒంటికి వదులైన తెల్లని దుస్తులు; ప్రేమించును, ఓడిపోవును. ఆర్లెకిన్ రంగురంగుల ముక్కల చొక్కాతో చేత బెత్తము పట్టిన గడుసువాడు. ఇద్దరును కోరునది కొలంబీన్‌నే. ఇంతమాత్రము తెలిసిన ప్రేక్షకునికి మాటలతో పని లేదు. రెనో మాటలు లేని తన బొమ్మలకు ఈ ముగ్గురిని ఎన్నుకొనుట తెలివైన పని.

కథ యింతే. రాత్రి వేళ. ప్రహరీగోడగల తోట. ఆర్లెకిన్ వచ్చి కొలంబీన్‌ను కలిసికొనును. ఇంతలో తలుపు చప్పుడగును. పియెరో! ఆర్లెకిన్ దాగుకొనును. పియెరో పూలగుత్తితో వచ్చి తన ప్రేమను విన్నవించును. ఆమె యింటిలోనికి పోవును. ఒంటరిగ మిగిలిన పియెరో పాట పాడి ఆమె మనస్సు కరగింప నెంచును. ధైర్యమునకు సీసాలోని మద్యమును ఆశ్రయించును. దాగియున్న ఆర్లెకిన్ వెనుకనుండి వచ్చి అతనిని బెత్తముతో కొట్టి, అతడు తిరిగిచూచునప్పటికి మాయమగును. కొట్టినదెవరో తెలియక పియెరో బెదరి, తుదకు తోట విడిచి పారిపోవును. గెలుపు ఆర్లెకిన్‌దే. గాస్తన్ పోలాన్ అను సంగీతకర్త దీనికి ప్రత్యేకముగ సంగీతము కూర్చెను. అంతకంటె ఆశ్చర్యకరమైన సంగతి బెత్తపు దెబ్బలది. పట్టీలో తగిన చోటులందు లోహపు తునకలు అమర్చబడి యుండెను. అవి యంత్రములో తగిలినపుడు విద్యుత్తు ప్రవహించి, విద్యుదయస్కాంతము ఒక చిన్న సుత్తిని కదలించును. తెరమీద బెత్తము పడిన క్షణముననే దెబ్బ చప్పుడు వినబడును. బొమ్మను, శబ్దమును యంత్రముతోనే ముడివేయు ప్రయత్నము 1892లోనే జరిగినదన్న మాట.

ఇచ్చట ఒక చిన్న లెక్క వేయుదము. మూకీ సినిమాల కాలమున సెకనుకు సుమారు 16 బొమ్మలు నడచెడివి. ఆ వేగమున 500 బొమ్మలు అరనిమిషములో అయిపోవును. కాని గ్రెవిన్ ప్రదర్శనశాలలో ఈ ఆట సుమారు 12 నుండి 15 నిమిషములు నడచెడిది! ఎట్లు సాధ్యమైనది? యంత్రమును నడపినది మోటారు కాదు, మనిషి చేయి. రీళ్లకు అమర్చిన పిడులను పట్టుకొని ఆయన పట్టీని ముందునకు పోనిచ్చును, ఆపును, వెనుకకు త్రిప్పును, మరల ముందునకు తెచ్చును. పియెరో సీసా ఎత్తి త్రాగుటకు కొన్ని బొమ్మలు చాలును. వానినే ముందువెనుకలుగ నడపినచో పియెరో మరల మరల గుటకలు వేయును. జనము నవ్వినచో దెబ్బలు మరి రెండు పడును; నవ్వనిచో కథ ముందునకు సాగును. అచ్చముగ బొమ్మలాటవాని విద్య. సినిమా ఆపరేటరు చేయుపని వేరు: ఒకసారి యంత్రమును కదలించిన తరువాత ఎవరు నవ్వినను, నవ్వకున్నను దాని దారి దానిదే. రెనో యంత్రమును కేవలము సినిమాకు ముందుమెట్టుగ లెక్కించువారు ఈ భేదమును చూడకున్నారని నా అభిప్రాయము.

తొలినాటి ప్రదర్శనములో 'పాపము పియెరో'తో పాటు మరి రెండు పట్టీలు ఆడినవి: 700 బొమ్మల 'ఒక మంచి గ్లాసు బీరు', 300 బొమ్మల 'విదూషకుడు, అతని కుక్కలు'. ప్రదర్శనశాలవారితో చేసికొన్న ఒడంబడిక మాత్రము కఠినమైనది. నెలకు 500 ఫ్రాంకులును, వసూళ్లలో నూటికి పదియు రెనోకు ఇచ్చునట్లు ఏర్పాటు. అందుకు ప్రతిగ ఆయన తన పట్టీలను మరియొకచోట ఆడరాదు, యంత్రమును అమ్మరాదు. పట్టీలు చిరిగిన బాగుచేయు భారము, కొత్త పట్టీలు సమకూర్చు భారము ఆయనదే. ప్రతిదినము పలు ఆటలు. పగలు కుంచె, సాయంకాలము యంత్రపు పిడి. 1900 మార్చిలో ఆటలు ముగియునప్పటికి మొత్తము సుమారు 12,800 ప్రదర్శనములు జరిగెననియు, అయిదు లక్షలమంది చూచిరనియు లెక్క. జిలాటిన్ పలకలు ఇన్ని వేల సార్లు రీళ్లమీద నలిగినచో వాని గతి ఏమగునో ఊహింపవచ్చును.

1895 చివర లూమియేర్ యంత్రము వచ్చినది. రెనో నెలల తరబడి వ్రాసిన దానికంటె ఎక్కువ బొమ్మలను అది ఒక్క నిమిషములో పట్టివేసెడిది. అంతకంటె పెద్ద దెబ్బ మరియొకటి కలదు. ఫోటో ఫిల్మునకు ఎన్ని నకళ్లనైనను తీయవచ్చును. 1896 జూలై 7వ తేదీ నాటికే, అనగా ఆరు నెలలు దాటిన కొద్ది దినములలోనే, లూమియేర్ చిత్రములు సముద్రము దాటి బొంబాయిలోని వాట్సన్ హోటలులో మనవారి యెదుట ఆడినవి. రెనో పట్టీ ఒక్కటే ప్రతి. ఒక్క యంత్రము, ఒక్క గది, ఒక్క మనిషి. అది గ్రెవిన్ గడప దాటుటకు ఒడంబడికయే ఒప్పుకొనలేదు. బొమ్మలో నాణ్యము తక్కువై ఆయన ఓడిపోలేదు. 1896లో తెరపైకి వచ్చిన తొలి ఫోటో చిత్రములు సాధారణముగ నలుపు తెలుపులలో ఒక్క నిమిషములోపల ముగిసిపోవుచుండగ, ఆయన తెరమీద రంగు, కథ, సంగీతము మూడును కలిసి పావుగంట నడచుచుండెను. ఐనను ప్రపంచము నకలు తీయదగినదానినే ఎన్నుకొన్నది.

ఆయనయు కాలముతో రాజీపడ యత్నించెను. ఫూటిట్, షొకొలా అను ప్రసిద్ధ సర్కసు విదూషకుల జంటను 1896లో ఫోటోలు తీసి, ఆ ఫోటోలకు చేతితో రంగులు వేసి 'గిల్లోమ్ తెల్' అను పట్టీని తయారుచేసెను. పిమ్మట 'మొదటి చుట్ట' అనునది వచ్చినది. పొగత్రాగ నేర్చుకొనబోయి అవస్థపడు కుఱ్ఱవాని హాస్యము. కెమెరా తెచ్చియు కుంచెను విడువలేకపోయెను పాపము. ప్రతి ఫోటోను మరల దిద్దనిదే ఆయనకు తృప్తి లేదు. రోజుకొక కొత్త చిత్రము తెచ్చు కంపెనీలతో అట్టివాడు పందెము వేయగలడా? 1900లో గ్రెవిన్ ఆటలు ఆగిపోయినవి. కొంతకాలము లోతు కనబడు జంటచిత్రముల యంత్రముపై పాటుపడెను గాని అదియు కలిసిరాలేదు.

తరువాత జరిగినది తలచుకొన్న బాధ కలుగును. 1910, 1913 సంవత్సరముల మధ్య, అప్పులతోను నిస్పృహతోను క్రుంగిన రెనో, దృశ్యయంత్ర నాటకశాలను తన చేతులతోనే పగులగొట్టెను. పట్టీలను తీసికొనిపోయి సీన్ నదిలో పారవేసెను. ఆ వ్రేళ్లే ఒక్కొక్క పలకకు రంగువేసినవి. ఆ వ్రేళ్లే పియెరోను వేలసార్లు ఆడించినవి. నదిపాలైన వానిలో 400 బొమ్మల 'పొయ్యిప్రక్క కల' కూడ ఒకటి. 'పాపము పియెరో'యు, సముద్రతీరపు హాస్యమైన 'స్నానపు గది చుట్టు' అను 636 బొమ్మల పట్టీయు మాత్రము ఆ నాశనమును తప్పించుకొన్నవి. ఈ రెండవదాని చివర పడవ ఒకటి వచ్చును. దాని తెరచాపమీద ప్రదర్శనము సమాప్తమని వ్రాసియుండును. రెనో 1918 జనవరి 9వ తేదీన ఇవ్రీలోని ఆశ్రయశాలలో తన 73వ యేట మరణించెను. అప్పటికి యూరపు యుద్ధములో మునిగియుండెను. పాత ఆటవస్తువుల పనివానిని తలచు తీరిక ఎవరికి?

ఎమీల్ కోల్ 1908 ఆగస్టులో ప్రదర్శించిన 'ఫాంతస్మగోరీ'ని తొలి కార్టూను చిత్రమని పలువురు వ్రాయుదురు. ఫిల్ముమీద బొమ్మ తరువాత బొమ్మను ఫోటో తీసిన గీతల చిత్రములకు అది మొదటి మెట్టనుట న్యాయమే. ఐనను, గీసిన బొమ్మకు నడక నేర్పి, జనమును పిలిచి, డబ్బు పుచ్చుకొని, తెరమీద కథ చెప్పినవాడు అంతకు పదునారు సంవత్సరములకు ముందే ఉండెను. అంతర్జాతీయ యానిమేషన్ చిత్రకారుల సంఘము 2002లో అక్టోబరు 28వ తేదీని ప్రపంచ యానిమేషన్ దినముగ నిర్ణయించినది గ్రెవిన్‌లోని ఆ తొలి ఆటను తలచుకొనియే. 2015లో యునెస్కో సంస్థ రెనో చలద్బొమ్మల ప్రదర్శనములను తన 'ప్రపంచ స్మృతి' పట్టికలో చేర్చినది.

జూలియెన్ పపే అను చిత్రకారుడు పట్టీలోని బొమ్మలను సినిమా ఫిల్ముపైకి ఎక్కించెను. నేడు జనులు చూచుచున్న 'పాపము పియెరో' అట్టి రూపమే. అది నాలుగైదు నిమిషములలో ముగియును. దానిని చూచువారు ఒక సంగతి మనస్సునందుంచుకొనవలెను. పట్టీ మిగిలినది గాని, దానిని ముందువెనుకలుగ ఆడించిన చేయి మిగులలేదు. పియెరో ఎన్ని గుటకలు త్రాగెను, ఎన్ని దెబ్బలు తినెను అనునది పట్టీలో వ్రాసిలేదు; అది ఆనాటి గదిలో, ఆనాటి నవ్వును బట్టి నిర్ణయమైనది. ఫిల్ముపైకి ఎక్కించినవారు ఎచ్చట ఎంతసేపు ఆగవలెనో తామే తేల్చుకొనవలసి వచ్చినది. కావున గ్రెవిన్‌లో పావుగంట సాగిన ఆటకును, నేడు మనకు దొరకు ఈ నాలుగైదు నిమిషములకును బొమ్మలు అవే. ఆట మాత్రము అది కాదు. తోట గోడ ప్రక్క నిలిచి సీసా ఎత్తుచున్న పియెరోను చూచునపుడు, అతడు ఆ సీసాను గ్రెవిన్‌లో మరికొంతసేపు దింపకయే యుండెడివాడని తెలిసియుండుట మంచిది.